గండికోట యాళిని కాడికి అలవాటు చేసేదెట్లా? (నవల కోసం)

ప్రశ్న: పెన్న లోయలో యాళులు (గుడి స్తంభాల మీద చెక్కే కల్పిత జంతువులు) తిరిగే లోకం. పేరుమోసిన మచ్చికగాడి జీవితకథ. మొదటి అధ్యాయంలో పిల్ల యాళిని కాడికి కట్టాలి. మంత్రాలు వద్దు, సేద్యగాళ్లు చదివినా నమ్మాల. ఎట్లా రాయాలన్నా?

జవాబు 1: కోడెను దారికి తెచ్చే పద్ధతే వాడు తమ్ముడూ. రెండున్నర, మూడేళ్ల వయసు పెట్టు. ముకుతాడు కుట్టినాక పుండు ఆరేదాకా లాగకూడదు. లాగితే ముక్కు చీలుతుంది, ఆ పైన మనిషి చెయ్యి కనబడితేనే తల ఎగరేస్తుంది. తర్వాత పనితెలిసిన ముసలి ఎద్దు పక్కన ఉత్త కాడి, అది ఓర్చుకున్నాక చిన్న మొద్దు, చివరికే బండి. పొద్దున చల్లపూట అరగంట చాలు. అలిసినాక కొడితే మోకాళ్లేసి పడుకుంటుంది, అదే అలవాటైపోతుంది.

జవాబు 2: ముందు ఏ యాళో తేల్చుకో. గుడి స్తంభాల మీద సింహయాళి వేరు, గజయాళి వేరు. సింహయాళి పక్కన ఎద్దును కట్టలేవు, అది మాంసం తినే జంతువు. గజయాళి మేలు, కానీ తొండానికి ముకుతాడు కుదరదు. మావటి మాదిరి మెడ మీద కూర్చుని, చెవుల వెనక కాలివేళ్లతో నొక్కి తిప్పాల.

జవాబు 3: దాపట (కాడికి ఎడమవైపు) నేర్పినదాన్ని ఎలపటకు (కుడివైపుకు) మార్చొద్దు. ఎడమవైపు మెడ వంచడం అలవాటైన జంతువు కుడివైపు కడితే జతను తోసేస్తుంది. నీ కథలో బండి లోయలో పడేది ఇక్కడే పెట్టు.