తొండ ముదిరితే ఊసరవెల్లి అవుతుందా?

"తొండ ముదిరి ఊసరవెల్లి అయినట్లు" అన్న సామెతలో తొండ, ఊసరవెల్లి అన్నవి ఒకే జంతువుకు రెండు పేర్లా, లేక వేర్వేరు జంతువులా అని సభ్యులొకరు అడిగారు. అవి వేర్వేరు జంతువులే. తొండ ఎంత ముదిరినా తొండగానే ఉంటుంది. అయితే ఈ సామెతనూ, "ఊసరవెల్లిలా రంగులు మార్చడం" అన్న పలుకుబడినీ పక్కపక్కన పెట్టుకుని, ఆ జీవులు నిజంగా చేసే పనితో సరిచూస్తే, మొదటిది కళ్లారా చూసినవారు కట్టిన మాట అనీ, రెండవది ఊసరవెల్లి స్వభావాన్ని తలకిందులు చేసిన మాట అనీ నాకు అనిపిస్తుంది.

ముందుగా పేర్ల సంగతి. "సరటః కృకలాసః స్యాత్" అని సంస్కృత నిఘంటువైన అమరకోశం సరటం, కృకలాసం అన్న రెండు పేర్లనూ ఒకే జీవికి చెప్పింది. అందుకే, ఒకరికి దానమిచ్చిన ఆవును తెలియక మరొకరికి దానమిచ్చి, ఆ దోషం వల్ల కృకలాసమై నూతిలో పడి ఉన్న నృగ మహారాజు కథను తెలుగులో చెప్పేటప్పుడు కొందరు తొండ అంటారు, కొందరు ఊసరవెల్లి అంటారు. సంస్కృత పదం ఆ తేడా చూపకపోయినా, తెలుగు వాడుకలో రెంటికీ విడివిడిగా పేర్లున్నాయి. కన్నడిగులు కూడా ఊసరవళ్ళి అంటారు. చవిటి నేల అని అర్థమిచ్చే ఊసరక్షేత్రం అన్న మాటలోని "ఊసర"ను తెచ్చి ఇక్కడ అతికించాలని ఎవరికైనా అనిపించవచ్చు గాని, చెట్ల మీదా పొదల మీదా బతికే ఈ జీవికి చవిటి నేలతో పని లేదు కాబట్టి ఆ వ్యుత్పత్తిని నేను ఒప్పుకోను.

తొండ మన కంచెల మీదా గోడల మీదా నిత్యం కనిపించేదే. మామూలుగా అది మట్టిరంగులో, బూడిదరంగులో ఉండి కొయ్యకూ రాతికీ అతుక్కుపోయినట్లు కనిపిస్తుంది. జతకట్టే కాలం వచ్చినప్పుడు మగతొండ తల, మెడ, భుజాలు ఎర్రబారుతాయి, గొంతు పక్కన నల్లని మచ్చ తేలుతుంది. అది ఎత్తైన చోటు చూసుకుని, గొంతు ఉబ్బించి, ముందుకాళ్ల మీద ఒంటిని పైకీ కిందికీ ఊపుతూ మరో మగదానిని బెదిరిస్తుంది. బెదిరినప్పుడు ఆ ఎరుపు త్వరగానే వెలిసిపోతుంది. అంటే తొండ కూడా రంగులు మార్చేదే, కాకపోతే ఆ విద్యలో దానికున్న పాండిత్యం కొద్ది. ఊసరవెల్లిది అదే విద్యలో పై మెట్టు. సామెత చెప్పేది సరిగ్గా ఈ తరతమ భేదాన్నే. "ముదరడం" అన్న మాటకు తెలుగులో వయసు పైబడడం ఒక్కటే అర్థం కాదు. రోగం ముదురుతుంది, తగాదా ముదురుతుంది, కొందరు మనుషులు చిన్నతనంలోనే ముదురుతారు. చిన్నగా మొదలైన గుణం పెద్దదై కూర్చుందని చెప్పడమే సామెత ఉద్దేశం గాని, ఒక జంతువు మరొక జంతువుగా మారుతుందని కాదు.

ఇక ఊసరవెల్లి. పట్టకారులా రెండుగా చీలి కొమ్మను పట్టుకునే పాదాలు, చుట్టుకునే తోక, ఒకటి ముందుకూ మరొకటి వెనక్కూ వేరువేరుగా తిరిగే కళ్లు దానివి. అడుగు వేసేటప్పుడు ముందుకూ వెనక్కూ ఊగుతూ వేస్తుంది, కాబట్టి గాలికి కదిలే ఆకుల మధ్య దాని కదలిక తెలియదు. మనిషి దగ్గరకు వస్తే కొమ్మకు అవతలి పక్కకు జరిగి, ఒంటిని పలచగా చేసుకుని నిలిచిపోతుంది. దాని దాగుడు విద్యలో పెద్దపాలు ఈ ఆకారానిదీ నడకదీ, కదలకుండా ఉన్నప్పటి ఆకుపచ్చదీ.

రంగు మారేది ఎప్పుడన్నదే అసలు ప్రశ్న. 2015లో జెనీవా విశ్వవిద్యాలయ పరిశోధకులు మడగాస్కర్‌కు చెందిన పాంథర్ ఊసరవెల్లి చర్మాన్ని పరిశీలించి, అందులోని కొన్ని కణాలలో గ్వానిన్ అనే పదార్థపు అతి సూక్ష్మ స్ఫటికాలు వరుసలు తీరి ఉంటాయనీ, జీవి నిమ్మళంగా ఉన్నప్పుడు అవి దగ్గరదగ్గరగా ఉండి నీలికాంతిని వెనక్కి పంపుతాయనీ, ఆ నీలం చర్మంలోని పసుపుతో కలిసి మన కంటికి ఆకుపచ్చగా తోస్తుందనీ తేల్చారు. మగది ఎదుటి మగదాన్ని చూసి రెచ్చిపోయినప్పుడు స్ఫటికాల మధ్య ఎడం పెరిగి, పచ్చదనం పోయి పసుపు, నారింజ రంగులు పొంగుకొస్తాయి. యెమెన్ ప్రాంతపు ఊసరవెల్లుల మీద 2013లో వెలువడిన పరిశోధన ప్రకారం, పోట్లాటకు దిగిన మగవాటిలో తలరంగు ఎక్కువ మెరుపుతో, ఎక్కువ వేగంతో మారినదే గెలిచే అవకాశం ఎక్కువ. ఓడిపోయేది ముదురు రంగుకు తిరిగి, తాను తగ్గానని ఎదుటిదానికి తెలియజేస్తుంది.

రంగు మార్చడానికీ దాక్కోవడానికీ సంబంధమే లేదని మాత్రం అనకూడదు. దక్షిణాఫ్రికాలోని ఒక చిన్న ఊసరవెల్లి జాతి, పాము ఎదురైనప్పటి కంటే పక్షి ఎదురైనప్పుడు పరిసరాల రంగుకు మరింత దగ్గరగా వస్తుందని 2008లో గమనించారు. పొద్దున్నే ఎండ కాచుకునేటప్పుడు ముదురు రంగుకు మారి వేడిని ఎక్కువగా పట్టుకోవడం కూడా ఉంది. కానీ ఏ గుడ్డ మీద పెడితే ఆ గుడ్డ రంగుకు మారుతుందన్న నమ్మకం వట్టిది. అదే 2008లో, అక్కడి ఊసరవెల్లి జాతులను పోల్చి చూసినవారు, ఎక్కువగా రంగులు మార్చగల జాతులు తమలో తాము కొట్టొచ్చినట్లు కనిపించే సంకేతాలు ఇచ్చుకునే జాతులే అని చూపించారు.

దీనిని బట్టి మన పలుకుబడిలోని ఇబ్బంది తెలుస్తుంది. మాట మార్చేవాడిని, లోపల ఒకటి పెట్టుకుని పైకి ఒకటి చూపేవాడిని ఊసరవెల్లి అంటున్నాం. నిజానికి ఊసరవెల్లి రంగు మార్చినప్పుడు ఎక్కువగా లోపలి కోపాన్నీ కోరికనూ ఓటమినీ బయటపెడుతుంది. దాచేది చాలావరకు రంగు మార్చకుండా ఆకుల్లో కలిసి ఉన్నప్పుడే. పలుకుబడిని వదులుకోమని నేను అనను, అది భాషలో పాతుకుపోయింది. అయితే ఆ పేరుమోసిన దోషంతో, లేని విషాన్ని కూడా అంటగట్టి, కనిపించిన ఊసరవెల్లినల్లా కొట్టి చంపడం నన్ను చాలా బాధిస్తుంది. అది ఎవరికీ హాని చేయదు, 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం దానికి రక్షణ ఇచ్చింది.

పళ్లు దవడ అంచుకే అతుక్కుని ఉండడం వంటి లక్షణాలను బట్టి తొండల కుటుంబాన్నీ ఊసరవెల్లుల కుటుంబాన్నీ శాస్త్రజ్ఞులు దగ్గరి చుట్టాలుగానే లెక్కిస్తారు కాబట్టి, సామెత కట్టినవారు జత కలిపింది కూడా సరైన జంతువులనే. ఈ రెంటికీ మీ ఊళ్లలో వేరే పేర్లు వాడుకలో ఉంటే, ఊరూ మండలమూ చేర్చి ఇక్కడ రాయవలసిందిగా కోరుతున్నాను.