సరిహద్దు తాలూకాల్లో వైన్ ద్రాక్ష: దేశంలో ఈ పరిశ్రమ ఎంత పెద్దది, ఎంత నిలకడైనది?

మంజీర ఒడ్డు (బిలోలి తాలూకా, నాందేడ్ జిల్లా)

సభ్యులందరికీ నమస్కారం. మాది మంజీర నదికి ఇవతల, మహారాష్ట్ర వైపున ఉన్న తెలుగు ఊరు. బోధన్ మాకు కూతవేటు దూరం, నాసిక్ మాత్రం ఒక రాత్రి ప్రయాణం. నల్లరేగడి భూమిలో సోయా, పత్తి, కంది పండించుకుంటూ వస్తున్నాము. ఈ వేసవిలో ఒక మధ్యవర్తి మా ఊరికి వచ్చి, వైన్ తయారీకి పనికివచ్చే ద్రాక్ష రకాలు నాటితే దీర్ఘకాలిక ఒప్పందం మీద పంటంతా కొంటామని, అంటుమొక్కలు తామే ఇస్తామని, పందిరికీ డ్రిప్పుకూ అయ్యే ఖర్చు మాత్రం రైతే పెట్టుకోవాలని చెప్పి వెళ్ళాడు. ఇద్దరు ముగ్గురు ఇప్పటికే బ్యాంకు చుట్టూ తిరుగుతున్నారు.

నేను తెలుసుకోదలచినది ఇది: మన దేశంలో వైన్ పరిశ్రమ అసలు ఎంత పరిమాణంలో ఉన్నది, తయారైన సరుకు ఎక్కడ అమ్ముడవుతుంది, ప్రభుత్వం దీనికి రాయితీలు ఎందుకు ఇస్తున్నది, విదేశీ వైన్ మీద సుంకం తగ్గితే ఇక్కడి తయారీదారు పరిస్థితి ఏమవుతుంది? మద్యం మంచిదా చెడ్డదా అన్న చర్చ వేరే చోట ఎంతైనా జరుపుకోవచ్చు కనుక, ఇక్కడ పంట, వ్యాపారం, లెక్కలకే పరిమితం కావలసిందిగా పెద్దలను కోరుతున్నాను.

షోలాపురం వాసి

మంజీర ఒడ్డు గారికి, మాది మగ్గాల మీద బతికిన కుటుంబమే అయినా, మా మేనమామ గారి వైపు వారు షోలాపూర్ పక్కన నాన్నజ్ ప్రాంతంలో ద్రాక్ష తోట పెట్టుకుని చాలా కాలమైంది. అందువల్ల పంట సంగతి నేను చెబుతాను, పన్నుల సంగతి తెలిసినవారు చెబుతారు.

ముందుగా పరిమాణం చూడండి. 2023లో ప్రపంచమంతా కలిసి తయారు చేసిన వైన్ సుమారు 2,370 కోట్ల లీటర్లు. 1961 తర్వాత ఇంత తక్కువ ఉత్పత్తి ఎన్నడూ లేదని అంతర్జాతీయ ద్రాక్ష, వైన్ సంస్థ ప్రకటించింది. అందులో దాదాపు సగం ఇటలీ, ఫ్రాన్స్, స్పెయిన్ దేశాలదే. మన దేశంలో అన్నిటికన్నా పెద్దదైన సులా సంస్థ ఏడాదికి పది లక్షల కేసుల (పన్నెండు సీసాల పెట్టెల) అమ్మకం దాటినప్పుడు అదొక పెద్ద విశేషంగా చెప్పుకున్నారు. కేసుకు తొమ్మిది లీటర్ల చొప్పున లెక్కగడితే అది 90 లక్షల లీటర్లు మాత్రమే. దేశంలో పండే ద్రాక్షలో వైన్‌కు పోయేది నూటికి ఒకటి రెండు పాళ్ళకు మించదు, మిగిలినదంతా తినే పండుగానూ కిస్మిస్‌గానూ పోతుంది. 2023-24లో మనం విదేశాలకు పంపిన తాజా ద్రాక్ష సుమారు 3.44 లక్షల టన్నులు, దాని విలువ 3,460 కోట్ల రూపాయల దాకా ఉన్నది. వైన్ ఎగుమతి దీని పక్కన నిలబడే స్థాయిలో లేదు. కాబట్టి "ద్రాక్ష పరిశ్రమ" అని పత్రికల్లో కనిపించే పెద్ద అంకెలను చూపి మీ మధ్యవర్తి వైన్ గురించి మాట్లాడుతున్నట్లయితే, ఆ రెండూ ఒకటి కావని గుర్తుంచుకోండి.

చరిత్ర కూడా పొడుగైనదేమీ కాదు. 1980లలో పుణె జిల్లా నారాయణగావ్‌లో ఇండేజ్ సంస్థ నురుగు వైన్ తయారు చేసి విదేశాలకు పంపింది. ఆ దశాబ్దం చివర బెంగుళూరు దగ్గర నంది కొండల కింద గ్రోవర్ వారు ఫ్రెంచి రకాలు నాటారు. 1990ల చివర రాజీవ్ సామంత్ నాసిక్‌లో సులా మొదలుపెట్టారు. మా జిల్లాలోనే అక్లూజ్ దగ్గర ఫ్రాటెల్లి వారు ఇటలీ కుటుంబంతో కలిసి తోటలు వేశారు. ఇవాళ్టికీ దేశపు వైన్‌లో సింహభాగం మహారాష్ట్ర, కర్ణాటకల నుంచే వస్తున్నది. హైదరాబాదు చుట్టూ ఒకప్పుడు అనాబ్-ఎ-షాహీ ద్రాక్ష తోటలు ఎంత ప్రసిద్ధమో మన పెద్దలకు తెలుసు; అవి పండ్ల తోటలుగానే పెరిగి, ఇళ్ళ స్థలాలుగా ముగిశాయి.

ఇక అసలు విషయం. తినే ద్రాక్షకూ వైన్ ద్రాక్షకూ సాగులో కొంత పోలిక ఉన్నది. చలి దేశాల్లో తీగ శీతాకాలమంతా నిద్రపోతుంది, మన దగ్గర నిద్రపోదు. అందుకే ఏప్రిల్‌లో ఒకసారి కొమ్మలు కత్తిరించి కొత్త చిగురును పెంచి, వానలు వెనకబడిన తర్వాత సెప్టెంబరు, అక్టోబరుల్లో రెండోసారి కత్తిరించి కాయ పట్టిస్తాము. జనవరి చివరి నుంచి మార్చి దాకా కోత. రెండో కత్తిరింపు తర్వాత చిగురు లేతగా ఉన్నప్పుడు వాన పడితే బూజు తెగులు రెండు మూడు రోజుల్లో తోటంతా పాకుతుంది. నాందేడ్ జిల్లాలో వాన మా షోలాపూర్ కన్నా ఎక్కువ, అక్టోబరు వానలూ మీకు కొత్త కాదు. నల్లరేగడి నీటిని పట్టి ఉంచుతుంది. తీగ వేరుకు నీరు నిలవడం గిట్టదు. వేరు మొదలును (తీగను అంటుకట్టే రూట్‌స్టాక్ మొక్కను) జాగ్రత్తగా ఎంచుకుని, మురుగు కాలువలు తీసి నెట్టుకురావచ్చు గాని, అది ఖర్చుతో కూడిన పని.

పోలిక అంతటితో సరి. వైన్ రకాలైన సోవిన్యోన్ బ్లాంక్, షెనిన్ బ్లాంక్, షిరాజ్, కాబెర్నే వంటివాటి గుత్తులు చిన్నవి, పండులో గింజలు ఉంటాయి, తొక్క మందం. ఎకరానికి తినే ద్రాక్ష పది టన్నుల పైన తీసే రైతు కూడా వీటిని నాలుగైదు టన్నుల దగ్గరే ఆపాలి, ఎందుకంటే దిగుబడి పెంచితే రుచి పలచబడి కర్మాగారం వద్దంటుంది. పైగా తియ్యదనం 22 బ్రిక్స్ (రసంలో చక్కెర పాలును కొలిచే ప్రమాణం) పైకి రావాలి. ఆ తియ్యదనమే ఈస్ట్ చేతిలో పులిసి పన్నెండు, పదమూడు శాతం ఆల్కహాల్ అవుతుంది.

మా మామయ్య వాళ్ళ తోటలో తాస్-ఎ-గణేశ్ అనే గింజలేని రకం ఉన్నది. వ్యాపారి ధర కిందికి లాగిన ఏడు, వాళ్ళు పండును పొటాషియం కార్బొనేట్, డిప్పింగ్ ఆయిల్ కలిపిన నీళ్ళలో ముంచి, షెడ్డులో అంతస్తులుగా కట్టిన నైలాన్ వలల మీద పరుస్తారు. రెండు వారాల్లో అది కిస్మిస్ అయి, కిస్మిస్ బజార్లయిన తాస్‌గావ్‌కో పండరీపురానికో వెళ్ళి, శీతల గిడ్డంగిలో మంచి ధర కోసం నెలల తరబడి ఎదురుచూడగలదు. షిరాజ్ పండించిన రైతుకు ఈ వెసులుబాటు లేదు. గింజలున్న ఆ చిన్న పండును బజారులో ఎవరూ కొనరు, కిస్మిస్‌కూ పనికిరాదు. కర్మాగారం కాదంటే పారబోయడమే. 2008 ఆర్థిక మాంద్యం, ఆ నవంబరులో ముంబయి మీద దాడులు, వాటితో హోటళ్ళు ఖాళీ కావడం ఒకదాని వెంట ఒకటి వచ్చినప్పుడు నాసిక్‌లో ట్యాంకులు నిండి ఉండగా కొత్త పంట కోతకు వచ్చింది. చాలామంది రైతులు ఆ తీగలను పెకలించి మళ్ళీ తినే ద్రాక్షకు మళ్ళారు. అంత పేరున్న ఇండేజ్ కూడా అప్పుల భారంతో మూతపడింది.

నాందేడ్ లెక్కలు

షోలాపురం వాసి గారు పంట గురించి చెప్పినది సరిగా ఉన్నది. పన్నుల పద్దులు చూసే వృత్తిలో ఉన్నాను కనుక ఆ భాగం నేను రాస్తాను. నా అభిప్రాయం ముందే చెబుతున్నాను: మన దేశంలో వైన్ పరిశ్రమ వాతావరణం మీద కన్నా పన్ను విధానం మీదనే ఎక్కువగా నిలబడి ఉన్నది.

మద్యం మీద ఎక్సైజ్ పన్ను వేసే అధికారాన్ని రాజ్యాంగం ఏడవ షెడ్యూలు రాష్ట్రాలకు ఇచ్చింది, జీఎస్టీ కూడా దానికి వర్తించదు. దీని పర్యవసానం ఏమిటంటే, వైన్ తయారీదారుకు భారతదేశం ఒకే మార్కెట్ కాదు. మీ ఊరి నుంచి నిజామాబాదు ఎంత దగ్గరో మీకు తెలుసు; అయినా మహారాష్ట్రలో తయారైన సీసా అక్కడి దుకాణానికి చేరాలంటే తెలంగాణలో విడిగా లేబుల్ నమోదు చేయించి, ఫీజులు కట్టి, ప్రభుత్వ బెవరేజెస్ కార్పొరేషన్ ద్వారానే పోవాలి. చిన్న కర్మాగారాలు ఈ ఫీజులు భరించలేక రెండు మూడు రాష్ట్రాలకే పరిమితమవుతాయి.

మహారాష్ట్ర ప్రభుత్వం 2001లో ద్రాక్ష ప్రాసెసింగ్ విధానాన్ని ప్రకటించి, రాష్ట్రంలో పండిన ద్రాక్షతో ఇక్కడే తయారైన వైన్‌కు ఎక్సైజ్ మినహాయింపు ఇచ్చింది. నాసిక్ జిల్లా వించూర్‌లోనూ సాంగ్లీ జిల్లా పలూస్‌లోనూ వైన్ పార్కులు నెలకొల్పింది. ఆ తర్వాత వచ్చిన ప్రోత్సాహక పథకం కింద, అమ్మకం మీద వసూలు చేసే 20 శాతం వ్యాట్‌లో 16 శాతాన్ని తయారీదారుకు తిరిగి ఇస్తున్నది. గడువు ముగిశాక ఈ పథకం కొంత కాలం ఆగి, మళ్ళీ మొదలైంది. 2022 డిసెంబరులో షేర్ల బజారుకు వచ్చిన సులా తన ఆదాయ లెక్కల్లో ఈ వాపసును ఒక ప్రత్యేక పద్దుగా చూపుతుంది. మంత్రివర్గ నిర్ణయం మీద ఇంతగా ఆధారపడిన ఆదాయాన్ని దీర్ఘకాలిక ఒప్పందానికి పునాదిగా చూపితే, నేనైతే జాగ్రత్తపడతాను.

ప్రభుత్వానికి ఆసక్తి ఎందుకన్న మీ ప్రశ్నకు సమాధానం పన్ను ఆదాయంలో దొరకదు. ఆ ఆదాయం విస్కీ, బీరు, దేశీ మద్యాల నుంచి వస్తుంది. వైన్ వల్ల వచ్చే లాభం వేరు: త్వరగా చెడిపోయే పండుకు ఇంకొక కొనుగోలుదారు దొరుకుతాడు, కోతకు కూలీలు, సీసాలు, అట్టపెట్టెలు, రవాణా కావాలి, అన్నిటికీ మించి పర్యాటకం వస్తుంది. నాసిక్‌లో గంగాపూర్ జలాశయం ఒడ్డున తోటలు చూడడానికి ముంబయి, పుణెల నుంచి జనం వచ్చి, గదులు అద్దెకు తీసుకుని, భోజనాలు చేసి, సీసాలు కొనుక్కుని వెళ్తారు. తోట దగ్గరే అమ్మిన సీసా మీద దుకాణదారు కమీషన్ ఉండదు కాబట్టి సంస్థకు మిగిలేది ఎక్కువ. ఈ సౌకర్యం మహానగరానికి నాలుగు గంటల దూరంలో ఉన్న నాసిక్‌కు ఉన్నది, బిలోలికి లేదు.

2022 జనవరిలో రాష్ట్ర మంత్రివర్గం పెద్ద సూపర్ మార్కెట్లలో వైన్ అమ్మకానికి అనుమతించాలని నిర్ణయించింది. రైతుకు మేలు అని ప్రభుత్వం, తాగుడు పెరుగుతుందని అన్నా హజారే వంటివారు వాదించారు. నిర్ణయం అమలుకు రాలేదు.

సుంకం విషయం. దిగుమతి వైన్ మీద కేంద్రం వేసే కస్టమ్స్ సుంకం చాలా కాలం 150 శాతం. ఆస్ట్రేలియాతో కుదిరి 2022 డిసెంబరు 29న అమలులోకి వచ్చిన ఒప్పందం దీనికి తొలి సడలింపు: సీసా దిగుమతి ధర 5 అమెరికన్ డాలర్లు దాటితే సుంకం 100 శాతానికి, 15 డాలర్లు దాటితే 75 శాతానికి వెంటనే దిగి, పదేళ్ళలో అవి వరుసగా 50, 25 శాతాలకు చేరాలి. 5 డాలర్ల లోపు సీసాకు ఏ తగ్గింపూ లేదు. మన సంస్థల అమ్మకాల్లో చవక రకాలకు ఆ సుంకపు గోడ ఇంకా రక్షణగా ఉన్నది. పోటీ ముందుగా తగిలేది ఖరీదైన రకాలకు. కానీ మిగతా దేశాలూ ఇలాంటి సడలింపే అడుగుతాయి, అడుగుతున్నాయి కూడా.

రైతు వాటా గురించి ఒక చిన్న లెక్క. టన్ను ద్రాక్ష నుంచి 600 నుంచి 700 లీటర్ల వైన్ వస్తుంది, అంటే ఒక సీసాకు కిలో పైచిలుకు పండు పడుతుంది. కిలో 40 రూపాయలు అనుకుంటే, ఏడు వందలకు అమ్ముడయ్యే సీసాలో పండు విలువ యాభై రూపాయల లోపే. మిగిలినది పన్నులు, గాజు, చల్లటి ట్యాంకుల కరెంటు, నెలల తరబడి నిల్వ మీద వడ్డీ, కమీషన్లు. సీసా ధర పెరిగినా రైతు ధర దానితో పాటు పెరగదు.

ప్రాణహిత (సిరొంచ, గడ్చిరోలి జిల్లా)

నాది చిన్న మాట. మా జిల్లాలో 1993 నుంచి మద్యనిషేధం ఉన్నది. వార్ధాలో 1975 నుంచి. చంద్రపూర్‌లో 2015లో పెట్టి 2021లో ఎత్తివేశారు. సూపర్ మార్కెట్ నిర్ణయం కూడా నిషేధం ఉన్న జిల్లాలకు వర్తించదన్నారు. రాష్ట్రమంతా ఒకే బజారు అనుకుని అమ్మకాల అంచనా వేసేవారు, తూర్పు విదర్భలో ఇంత మేర తీసివేసి లెక్కించాలి. మా వైపు అడవిలో ఏటా రాలే ఇప్పపువ్వుకు కూడా ప్రభుత్వం ద్రాక్ష మీద చూపినంత శ్రద్ధ చూపి ఉంటే బాగుండేదని ఎప్పుడూ అనిపిస్తుంది, అయితే అది వేరే చర్చ.

మంజీర ఒడ్డు

అందరికీ ధన్యవాదాలు. ఒప్పంద పత్రం నకలు తెప్పించుకుని చదివాను. పండును "కర్మాగారం గేటు వద్ద" తూకం వేసి, అక్కడే నాణ్యత నిర్ణయిస్తామని రాసి ఉన్నది. ధర "ఆ ఏటి పరిస్థితిని బట్టి" అని ఉన్నది. దీని గురించి ఏమంటారు?

షోలాపురం వాసి

ఆ రెండు వాక్యాలే ఆ పత్రంలో ముఖ్యమైనవి. వైన్ ద్రాక్షను తెల్లవారకముందే చల్లటి వేళలో కోసి, క్రేట్లలో పలచగా నింపి, పగిలి పులియకముందే గంటల్లో కర్మాగారానికి చేర్చాలి. మీ దగ్గర నుంచి నాసిక్ సుమారు అయిదు వందల కిలోమీటర్లు. ఫిబ్రవరి చివరి ఎండలో మామూలు లారీలో అంత దూరం పోయిన పండు గేటు దగ్గరికి రసం కారుతూ చేరుతుంది, తిరస్కరించడానికి వాళ్ళకు కారణం సిద్ధంగా ఉంటుంది, వెనక్కి తెచ్చుకుని మీరు చేసేదేమీ ఉండదు. తూకం, బ్రిక్స్ పరీక్ష రెండూ మీ పొలం గట్టు మీద, మీ ఎదుటే జరగాలి. శీతల వాహనం ఖర్చు కొనేవారిది కావాలి. కనీస ధర అంకెలో ఉండాలి. తీసుకోకపోతే చెల్లించే పరిహారం కూడా అంకెలోనే ఉండాలి. వీటికి ఒప్పుకోని పక్షంలో ఆ తోట వేయవద్దు.

ద్రాక్ష మీద మనసు ఉంటే ముందు పుణె దగ్గర మాంజరిలోని జాతీయ ద్రాక్ష పరిశోధన కేంద్రానికి మీ మట్టి, బోరు నీటి పరీక్ష ఫలితాలతో వెళ్ళండి. నీళ్ళలో ఉప్పు ఎంత ఉన్నదో చూసి, ఏ వేరు మొదలు తట్టుకుంటుందో వాళ్ళు చెబుతారు. ఆ తర్వాత కిస్మిస్‌కు కూడా పనికివచ్చే రకాన్నే కొద్ది భూమిలో వేసి చూడండి. బ్యాంకుకు వెళ్ళిన మీ వాళ్ళను ఈ ఒప్పంద పత్రం తిరగరాసే దాకా సంతకం పెట్టకుండా ఆపండి.