కలలోకపు సరస్సు నెలకోసారి ఊపిరి వదలాలంటే ఎలా?

కథ కోసం కడుతున్న కలలోకంలో ఒక సరస్సు ఉంది. గాలి ఆడని అమావాస్య రాత్రి దాని నీళ్లు నురగతో పొంగుతాయి. నేల మీది ప్రమిద ఆరిపోతుంది, అరుగు మీది దీపం మాత్రం వెలుగుతూనే ఉంటుంది. కింద పడుకున్నవాళ్లు ఇక లేవరు.

దీనికి ఆధారం కామెరూన్‌లోని న్యోస్ సరస్సు. లోతు 200 మీటర్ల పైమాటే. అడుగున ఊరే కార్బన్ డయాక్సైడ్, పై నీటి ఒత్తిడికి మూతపెట్టిన సోడాలోలా కరిగి ఉండిపోయింది. 1986 ఆగస్టు 21 రాత్రి అడుగు నీరు కదిలింది. పైకి వచ్చేకొద్దీ ఒత్తిడి తగ్గి బుడగలు పుట్టాయి, ఆ బుడగలే మరింత నీటిని లాక్కొచ్చాయి. ఈ వాయువు గాలికంటే ఒకటిన్నర రెట్లు బరువు, అందుకే లోయల్లోకి పారింది. సుమారు 1,700 మంది చనిపోయారు.

చిక్కల్లా నెలకోసారి అన్న దగ్గరే. అంత నీరు మళ్లీ వాయువుతో నిండాలంటే ఏళ్లు పడుతుంది. లోతు 40 మీటర్లకు తగ్గిస్తే ఒత్తిడి 5 అట్మాస్ఫియర్లే (నేల మీది గాలి ఒత్తిడికి 5 రెట్లు), దాగే వాయువూ తక్కువే. పైగా చలికి పైనీరు బరువెక్కి కిందికి దిగితే పొరలు కలిసిపోయి, వాయువు మెల్లగా జారిపోతుంది.

జర్మనీలోని ఆండర్నాక్‌లో ఇదే వాయువు చల్లటి నీటిని బోరులోంచి రోజుకు చాలాసార్లు ఎగజిమ్ముతుంది. అలాంటి సన్నటి బిలం సరస్సు అడుగున పెడితే లయ నిలుస్తుందా? అడుగు నీటిలో ఉప్పు పెంచితే పొరలు కలవకుండా ఆగుతాయా? సరస్సుల శాస్త్రం తెలిసినవాళ్లు చెప్పండి. కల కాబట్టి ఏదైనా జరగొచ్చు అనే జవాబు మాత్రం వద్దు.