ట్రినిడాడ్ రాజముద్రలోంచి కొలంబస్ ఓడలు తీసేయడం సబబేనా?

కాకినాడ కాజా (చర్చ మొదలుపెట్టినవారు):

అందరికీ నమస్కారం. రెండేళ్ళుగా కరీబియన్ దీవి ట్రినిడాడ్‌లో ఉంటున్నాను. పాయింట్ లీసాస్ వైపు అమ్మోనియా ప్లాంటులో కాంట్రాక్టు ఉద్యోగం. మా క్యాంటీన్‌లో ఎంతకీ తెగని వాదన ఒకటి ఉంది, దాన్ని తెచ్చి మీ ముందు పెడుతున్నా.

సంగతి తెలియనివాళ్ళ కోసం: 1962లో స్వతంత్రం వచ్చినప్పుడు ట్రినిడాడ్ అండ్ టొబాగో పెట్టుకున్న రాజముద్రలో, ఎర్రటి డాలు మీద మూడు బంగారు ఓడలు ఉండేవి. కొలంబస్ ఓడలు. వాటి పైన రెండు హమ్మింగ్‌బర్డ్‌లు, డాలుకు అటూ ఇటూ ట్రినిడాడ్ తరఫున ఎర్ర ఐబిస్ కొంగ, టొబాగో తరఫున కొక్రికో పిట్ట. ఓడలు తీసేసి స్టీల్‌పాన్ పెడతామని 2024 ఆగస్టులో అప్పటి ప్రధాని కీత్ రౌలీ ప్రకటించారు. 2025 జనవరిలో పార్లమెంటు సరేనంది. స్టీల్‌పాన్ అంటే ఇనప డ్రమ్ము అడుగును సుత్తితో లోపలికి కొట్టి, స్వరాలు పలికేలా చేసిన వాయిద్యం. ఈ దీవిలోనే పుట్టింది.

నాకైతే ఓడలు పోవడమే బాగుందనిపించింది. కానీ మా షిఫ్టు ఇన్‌ఛార్జి, వాళ్ళ ముత్తాత బీహార్ నుంచి వచ్చాడట, ఒక్క ముక్క అని లేచిపోయాడు: "బాగుంది, మరి మా తాసా ఎక్కడ?" తాసా అంటే ఇక్కడి భారత సంతతి వాళ్ళ డప్పు వాయిద్యం. అప్పటినుంచి నా బుర్రలో ఆ ప్రశ్నే తిరుగుతోంది. మీరేమంటారు?

మానేరు:

ఇందులో వాదించడానికి ఏముందో నాకు అర్థం కావట్లేదు. దొంగ గోడ దూకాడని, ఆ నిచ్చెన బొమ్మ తెచ్చి గుమ్మం మీద వేలాడదీసుకుంటామా?

కొలంబస్ 1498 జులై 31న ఆ దీవిని చూశాడు. చూశాడు, అంతే. మనుషులు అప్పటికే ఉన్నారు. తర్వాత స్పెయిన్ వాళ్ళు, 1797లో బ్రిటిష్ వాళ్ళు. ఆగస్టులో "డిస్కవరీ డే" అని ఒక సెలవు కూడా ఉండేది. 1985లో దాన్ని ఎత్తేసి, ఆగస్టు 1న బానిసత్వం నుంచి విముక్తి దినం పెట్టుకున్నారు. దానికి జాతీయ సెలవు ఇచ్చిన మొదటి దేశం అదేనంటారు. అంటే సెలవు పోయిన నలభై ఏళ్ళకు బొమ్మ పోయింది. నా కంప్లయింట్ ఒక్కటే, ఇంత ఆలస్యం ఎందుకయింది అని.

చరిత్ర పిచ్చోడు:

మానేరు గారూ, పోలిక బాగా కుదిరింది. కానీ ఆ నిచ్చెన బొమ్మ గీయించింది దొంగ కాదండీ, ఇంటివాళ్ళే. 1962లో ఆ ముద్ర తయారుచేసిన కమిటీలో కార్లైల్ చాంగ్, జార్జ్ బెయిలీ ఉన్నారు. చాంగ్ చైనా మూలాలున్న ట్రినిడాడ్ చిత్రకారుడు. బెయిలీ కార్నివాల్ వేషాల రూపకల్పనలో మహా దిట్ట. 1957లోనే ఆఫ్రికాను ఇతివృత్తంగా తీసుకుని కార్నివాల్ బృందాన్ని నడిపించాడు. అలాంటివాళ్ళకు కొలంబస్ ఏం చేశాడో తెలియదా? తెలిసే గీశారు. స్వతంత్రం వచ్చిన ఏడాది వాళ్ళు తమ కథను ఎలా చెప్పుకున్నారో దానికి ఆ బొమ్మే సాక్ష్యం.

ఇంకో మాట. ట్రినిడాడ్ అన్న పేరు పెట్టిందే కొలంబస్. సముద్రం మీంచి మూడు కొండ కొమ్ములు కనబడ్డాయని, క్రైస్తవ త్రిత్వం పేరు పెట్టాడు. రాజధాని పేరేమో పోర్ట్ ఆఫ్ స్పెయిన్. వాటి జోలికి పోకుండా చిన్న బొమ్మ మీద పడటం సులువు కాబట్టి పడ్డారు. పైగా రౌలీ ఆ ప్రకటన చేసింది ఎక్కడ? పార్టీ సభలో, ఎన్నికలకు ఏడాది కూడా లేనప్పుడు. (2025 ఏప్రిల్‌లో ఆ పార్టీ ఓడిపోయింది, అది వేరే విషయం.)

నా పేరుకు తగ్గట్టు ఒక పిచ్చి సంగతి కూడా చెప్పి పోతా. ఆ మూడు ఓడలు సాంతా మరియా, పింటా, నీనా అని చాలా చోట్ల రాస్తుంటారు. అవి 1492 నాటివి. ఆ సాంతా మరియా అదే ఏడాది డిసెంబరులో హైతీ తీరంలో ఇసుకమేట ఎక్కి పనికిరాకుండా పోయింది. 1498లో ఆయన ఆరు ఓడలతో బయలుదేరి, మూడింటిని తిన్నగా హిస్పానియోలా దీవికి (హైతీ ఉన్నది దాని మీదే) పంపేసి, మిగతా మూడింటితో ట్రినిడాడ్ వచ్చాడు. లెక్క కుదిరింది, పేర్లే తప్పు.

రేపల్లె రాధ:

ఓడ అనగానే మీ అందరికీ కొలంబసే గుర్తొస్తున్నాడే! నాకు ఫతెల్ రజాక్ గుర్తొస్తుంది. కలకత్తాలో బయలుదేరి మూడు నెలలు దాటాక, 1845 మే 30న 225 మందిని పోర్ట్ ఆఫ్ స్పెయిన్ రేవులో దింపిన ఓడ. బానిసత్వం రద్దయ్యాక చెరకు తోటల్లో పనికి మనుషులు కావాలని ఒప్పంద కూలీలను తెచ్చుకోవడం దాంతోనే మొదలైంది. 1917లో అది ఆగేనాటికి దాదాపు 1,44,000 మంది అలా వచ్చారు. మే 30 ఇప్పటికీ అక్కడ సెలవు దినం. 2011 జనాభా లెక్కల్లో భారత సంతతి వాళ్ళు 35 శాతం, ఆఫ్రికా సంతతి వాళ్ళు 34 శాతం. మిశ్రమ సంతతి వాళ్ళు కూడా ఐదో వంతుకు పైనే. వీళ్ళెవరి పూర్వీకులూ ఆ దీవికి నడిచి రాలేదు.

కాబట్టి నా మాట ఇది: ఓడలు ఉంచండి, అర్థం మార్చండి. మూడు ఓడల్లో ఒకటి ఆఫ్రికాది, ఒకటి ఇండియాది, మూడోది చైనావాళ్ళదో పోర్చుగీసువాళ్ళదో అని చెప్పుకోవచ్చు. బొమ్మ ఒక్కటే, కథ కొత్తది. అలా కాకుండా ఒక వాయిద్యాన్ని పెడితే, కాజా గారి ఇన్‌ఛార్జికి వచ్చిన అనుమానమే అందరికీ వస్తుంది. పెళ్ళిళ్ళలో మోగే తాసా మన తాషాయే కదా, పేరు కూడా పెద్దగా మారలేదు. దానికి చోటెందుకు లేదు?

పాతబస్తీ చాయ్:

అంతా బాగుంది గానీ, అసలు అక్కడ మన తెలుగోళ్ళున్నారా? ఇంకోటి, 2024లో తెలంగాణ రాజముద్రలోంచి కాకతీయ తోరణం, చార్మినార్ తీసేస్తారంటే ఇక్కడ ఎంత గొడవైందో మర్చిపోయారా? అప్పుడు ఈ చర్చలో ఉన్న సగం మంది…

నిర్వాహకుడు:

చాయ్ గారూ, ఆ గొడవకు వేరే చర్చ ఉంది, రెండు వందల వ్యాఖ్యలు దాటి ఇంకా మరుగుతోంది. దయచేసి ఇక్కడికి తేవద్దు. మొదటి ప్రశ్న ఉంచుతున్నాను.

రేపల్లె రాధ:

చాయ్ అన్నా, ఉన్నారనే చెప్పాలి గానీ గొప్పలు పోవడానికి లేదు. ఓడల్లో ఎక్కువ భాగం కలకత్తావే. ఎక్కినవాళ్ళు ఇప్పటి యూపీ, బీహార్ వైపు జనం, వాళ్ళ భోజ్‌పురీయే అక్కడ నిలిచింది. మద్రాసు రేవు నుంచి వెళ్ళినవాళ్ళు తక్కువ. వాళ్ళలో తమిళులు, తెలుగువాళ్ళు ఉన్నారు. తోట యజమానులకు ఆ తేడా పట్టలేదు, అందరినీ "మద్రాసీ" అని ఒకే గాటన కట్టారు. భాష పోయింది. కాళీ గుళ్ళలో మద్రాసీ పద్ధతి పూజ మాత్రం మిగిలింది. పేర్లు చూసి మనవాళ్ళా కాదా అని తేల్చడం దాదాపు కుదరని పని.

మానేరు:

రాధ గారూ, మీ మూడు ఓడల ఆలోచన వినడానికి బాగుంది. మీ ఫతెల్ రజాక్ ఎక్కినవాళ్ళు ఆకలికో, దళారీ మాటలకు మోసపోయో ఎక్కారు, ఒప్పుకుంటా. వాళ్ళ కష్టం చిన్నది కాదు. కానీ వాళ్ళకు ఒక ఒప్పందం ఉంది, గడువు ఉంది, కొందరు తిరిగి వచ్చారు కూడా. ఆఫ్రికా నుంచి గొలుసులేసి తెచ్చినవాడి మునిమనవడి దగ్గరికి వెళ్ళి "ఇదుగో, ఈ బంగారు ఓడ మీదేనండీ" అని చెప్పగలరా? ఓడ ఒకరికి ప్రయాణం, ఇంకొకరికి జైలు. రెండింటికీ ఒకే బంగారు రంగు ఎలా వేస్తారు?

తాసా గురించి నాకు తెలిసింది చెప్తా. మా కరీంనగర్ వైపు పీర్ల పండుగ తెలిసినవాళ్ళకు ఇది వెంటనే అర్థమవుతుంది. అక్కడ మొహర్రంను హోసే అంటారు. కాగితం, వెదురుతో తాజియాలు (సమాధి నమూనాలు) కట్టి తాసా మోగిస్తూ ఊరేగిస్తారు. మన పల్లెల్లో లాగే అక్కడా హిందువులు కలిసి నడిచేవాళ్ళు, ఆఫ్రికా సంతతి వాళ్ళూ డప్పులు అందుకునేవాళ్ళు. 1884లో ప్రభుత్వం ఈ ఊరేగింపులు పట్టణంలోకి రాకూడదంది. జనం ఆగలేదు. అక్టోబర్ 30న శాన్ ఫెర్నాండో దగ్గర పోలీసులు కాల్పులు జరిపారు. పదిమందికి పైగా పోయారు, వందమంది దాకా గాయపడ్డారు.

దానికి మూడేళ్ళ ముందే, 1881లో, పోర్ట్ ఆఫ్ స్పెయిన్‌లో కాగడాలు పట్టుకుని కార్నివాల్ ఊరేగింపు తీసిన నల్లవాళ్ళకూ పోలీసులకూ వీధుల్లో కొట్లాట అయింది. తర్వాత వాళ్ళ డప్పుల మీద కూడా ఆంక్షలు పెట్టారు. డప్పు పోతే వెదురు బొంగులు నేలకేసి కొట్టారు. వెదురు తర్వాత బిస్కెట్ డబ్బాలు, చెత్తడబ్బా మూతలు, ఆఖరికి ఆయిల్ డ్రమ్ములు. స్టీల్‌పాన్ వచ్చింది ఆ దారిలోనే. కాబట్టి తాసాకూ పాన్‌కూ పోటీ పెట్టకండి, రెండింటి మీదా ఒకే దొరతనం కన్నేసింది.

చరిత్ర పిచ్చోడు:

ఇది ఒప్పుకోవాల్సిన మాటే. అయినా ఒకటి అడుగుతా. ఈరోజు పాన్‌ను నెత్తిన పెట్టుకుంటున్నారు గానీ, 1940లలో, 50లలో పాన్ వాయించే కుర్రాడంటే రౌడీ అనే లెక్క. బృందాల మధ్య వీధి కొట్లాటలు జరిగేవి. మర్యాదస్తుల ఇళ్ళలో పిల్లల్ని ఆ ఛాయలకే పోనిచ్చేవాళ్ళు కాదు. 1951లో ఒక బృందం లండన్ వెళ్ళి వాయించాకే ఇంట్లోవాళ్ళకు దాని విలువ కాస్త తెలిసొచ్చింది. అంటే దొర మెచ్చాక మనం మెచ్చాం అన్నమాట. ఈ కథ ఎక్కడో విన్నట్టు లేదూ?

కాకినాడ కాజా:

నిన్న రాత్రి షిఫ్టు అయ్యాక పోర్ట్ ఆఫ్ స్పెయిన్‌లో ఒక పాన్‌యార్డుకు వెళ్ళొచ్చాను. పాన్‌యార్డంటే బృందం సాధన చేసుకునే ఆవరణ. పైన రేకులు, కింద సిమెంటు నేల, చుట్టూ చక్రాల బండ్ల మీద డ్రమ్ములు. టెనర్ పాన్ అంటే ఒక్క డ్రమ్మే, అంచు పొట్టిగా కోసేసి ఉంటుంది. లోపల గుంటలో స్వరానికొకటి చొప్పున చిన్నా పెద్దా మచ్చలు. బాస్ వాయించే ఆవిడ చుట్టూ మాత్రం నిలువెత్తు డ్రమ్ములే, నేను ఆరు లెక్కపెట్టా. చేతిలో పుల్లల చివర రబ్బరు ఉంటుంది కాబట్టి ఇనుము ఖంగుమనదు, నీళ్ళలోంచి వచ్చినట్టు మెత్తగా పలుకుతుంది. ఒకే నాలుగు చరణాలను గంటన్నర సేపు మళ్ళీ మళ్ళీ వాయించారు. బాస్ ఆవిడ మధ్యలో ఒక చెయ్యి ఆపకుండా, ఇంకో చేత్తో ఫోన్ చూసుకుంది.

అక్కడొక పెద్దాయన నన్ను చూసి ఇండియావాడినని పోల్చుకుని, జిత్ సమారూ పేరు తెలుసా అని అడిగాడు. తెలియదన్నా. తల కొట్టుకున్నాడు. ఇంటికొచ్చి వెతికా. భారత సంతతి మనిషి, రెనిగేడ్స్ అనే పాన్ బృందానికి అరేంజర్, అంటే పాటను బృందం వాయించేలా కూర్చేవాడు. కార్నివాల్ ముందు జరిగే పనోరమా పోటీని 1982 నుంచి 1997 మధ్య ఆ బృందానికి తొమ్మిది సార్లు గెలిపించాడు. 2019లో పోయాడు. ఇవాళ మా ఇన్‌ఛార్జికి ఈ సంగతి చెప్తే, "ఆయన నాకు తెలియకపోవడమేమిటి? ఆయన పాన్ నేర్చుకున్నాడు. పాన్‌వాళ్ళు ఎంతమంది తాసా నేర్చుకున్నారు?" అన్నాడు. దానికి నా దగ్గర జవాబు లేదు.

పాతబస్తీ చాయ్:

ఈసారి సబ్జెక్టులోనే మాట్లాడతా. అందరూ ఓడల్లో వచ్చినోళ్ళ గురించే కొట్టుకుంటున్నారు. ముందునుంచీ అక్కడున్నోళ్ళ సంగతేంటి?

మానేరు:

చాయ్ అన్నా, ఇది మంచి ప్రశ్న. అరీమా అనే ఊళ్ళో సాంతా రోసా పేరుతో వాళ్ళ వారసుల సంఘం ఇప్పటికీ ఉంది. 2013లో పార్లమెంటు భవనం రెడ్ హౌస్‌కు మరమ్మతులు చేస్తుంటే, కింద తవ్వకాల్లో ఆదివాసుల ఎముకలు బయటపడ్డాయి. చట్టాలు చేసే భవనం వాళ్ళ అస్థికల మీద నిలబడి ఉందన్నమాట. 2017 అక్టోబరులో వాళ్ళ గౌరవార్థం ఒక సెలవిచ్చారు, ఆ ఒక్క ఏడాదికే. ముద్రలో హమ్మింగ్‌బర్డ్‌లు వాళ్ళకు చెందినవే అని సరిపెడుతుంటారు. నన్నడిగితే అది చాలదు. కానీ కొలంబస్ ఓడలు తియ్యకుండా వాళ్ళకు ఏం చేసినా ఎగతాళిగానే ఉంటుంది.

చరిత్ర పిచ్చోడు:

సరే, చివరి మాటతో నేనూ కాస్త తగ్గుతున్నా. ఎముకల మీద పార్లమెంటు, గోడ మీద ఆ ఓడలు, రెండూ కలిపి ఊహిస్తే నాకూ ఇబ్బందిగానే ఉంది. అయినా పని సగమే చేశారని మాత్రం అంటాను. కాజా గారూ, ముద్ర పైభాగం ఒకసారి చూడండి. శిరస్త్రాణం మీద కొబ్బరిచెట్టు, దాని ముందు ఏముంది?

కాకినాడ కాజా:

జేబులో పాతికసెంట్ల నాణెం ఉంది, పాత ముద్రే. ఓడలు చీమల్లా ఉన్నాయి, కళ్ళజోడు పెట్టుకుంటే గానీ కనపడలేదు. పైన… చక్రం. ఓడ చుక్కాని చక్రం! కొత్త ముద్ర ఫోన్‌లో చూశా, అందులోనూ అలాగే ఉంది.

చరిత్ర పిచ్చోడు:

ఓడలు తీసేసి చుక్కాని ఉంచుకున్నారు. అది ఎవరి ఓడదో చెప్పండి మరి.

మానేరు:

ఫతెల్ రజాక్‌ది అని రాసేసుకుందాం. రాధ గారు శాంతిస్తారు.

రేపల్లె రాధ:

చక్రం తీసుకుంటున్నా, థాంక్స్. తాసా సంగతి మాత్రం వదల్లేదు.