1910 మెక్సికో వేడుకల మూగ రీళ్లకు జేజేలు కలపొచ్చా?

పాతరీలు: మెక్సికో స్వాతంత్ర్య పోరు మొదలై వందేళ్లయిందని 1910 సెప్టెంబరులో అక్కడ నెలంతా సంబరాలు చేశారు. సాల్వదోర్ తోస్కానో, అల్వా సోదరులు వాటిని రీళ్లకెక్కించారు. ఇప్పుడు ఇలాంటి పాత రీళ్లకు రంగులేసి, జనం కేకలు కలిపి నెట్‌లో పెడుతున్నారు. రంగు సంగతి అలా ఉంచండి, నా గొడవ కేకలతోనే.

లెక్కలమాస్టారు: క్లాసులో మూగ రీలు వేస్తే మూడో నిమిషానికి పిల్లలు కబుర్లలో పడతారండీ. శబ్దం ఉంటే కూర్చుంటారు. ఆ కాలంలోనూ హాల్లో పియానో వాయించేవారుగా? 1950లో తోస్కానో కూతురు కార్మెన్ ఆయన రీళ్లను ఒక సినిమాగా కూర్చినప్పుడు సంగీతం, వ్యాఖ్యానం పెట్టింది. అప్పుడు లేని తప్పు ఇప్పుడెక్కణ్ణుంచి వచ్చింది?

పాతరీలు: పియానో మోగితే అది హాల్లోదని తెలుస్తుంది మాస్టారూ. జేజేలు వినిపిస్తే ఆ రోజు జనమే కొట్టారనుకుంటాం. సెప్టెంబరు 15న దేశాధ్యక్షుడు పోర్ఫిరియో దియాస్‌కి 80 నిండాయి, మర్నాడు స్వాతంత్ర్య స్తంభం ఆవిష్కరణ. ఎన్నికల్లో ఆయనకు ఎదురు నిలబడ్డ మదేరో అప్పటికి శాన్ లూయిస్ పొతోసి ఊరు దాటకూడదు. నవంబరు 20కి తిరుగుబాటు, 1911 మేలో దియాస్ రాజీనామా. ఆ గుంపులో జై అన్నదెవరో, పళ్లు కొరికిందెవరో రీలు చెప్పదు. మనమేమో అందరిచేతా జై అనిపిస్తున్నాం.

గోడమీదపిల్లి: 15న ఊరేగింపులో ఆజ్టెక్ రాజు మొక్తెసుమా, అతని రాజ్యం మీదికొచ్చిన స్పెయిన్‌వాడు కోర్తెస్ వేషాలు కట్టి వాళ్లు కలుసుకున్న ఘట్టాన్ని వీధిలో ఆడించారు. అసలదే సర్కారువారి నాటకం. దానికి నాలుగు చప్పట్లు కలిపితే కొంపేం మునిగింది?

పాతరీలు: చూస్తున్నవాళ్లు వేషగాళ్లు కాదు కదా.

కత్తెరబాబు: ఎడిటింగ్ నా పని కాబట్టి ఒక మాట. చేత్తో తిప్పే కెమెరా, సెకనుకు ఇంచుమించు 16 ఫ్రేములు. దాన్నే 24లో ఆడిస్తే కవాతు చేసే సైనికులు కదిలిపోయే బస్సు వెంట పడ్డట్టుంటారు. వేగం సరిచేయడం మోసం కాదు. శబ్దం అలా కాదు. మా అక్క పెళ్లి వీడియోలో అప్పగింతల దగ్గర నాన్న ఏదో అంటారు, పెదాలు కదులుతాయి. వీడియో అతను అసలు మాటలు తీసేసి సినిమా పాట వేశాడు. నాన్న పోయి తొమ్మిదేళ్లు. ఆ మాటేంటో అక్కకీ గుర్తులేదు.

లెక్కలమాస్టారు: శబ్దం తప్పంటే ఇప్పటికీ ఒప్పుకోను. కానీ ఈసారి ముందు మూగగా వేసి, ఏం వినిపించి ఉంటుందో పిల్లల్నే రాయమంటా.

పాతరీలు: రాసినవి ఇక్కడ పెట్టండి మాస్టారూ.