దసరా టేబుల్ టెన్నిస్ పోటీలు, డాలస్: డ్రా, స్కోరింగ్, వాలంటీర్ల పనులు

డ్రా, షెడ్యూలు:
ఈ గ్రూపులోని నిర్వాహకులు, వాలంటీర్లు అందరికీ నమస్కారం. ఎవరు ఏ పని చూస్తున్నారో ఆ పని పేరుతోనే ఇక్కడ రాద్దాం. రిజిస్ట్రేషన్లు నిన్న రాత్రితో ముగిశాయి. పురుషుల సింగిల్స్‌కి 32 మంది, మహిళల సింగిల్స్‌కి 12 మంది, 15 ఏళ్లలోపు పిల్లలు 16 మంది, డబుల్స్‌కి 16 జట్లు. ఫ్రిస్కోలో హాలు ఆదివారం ఉదయం 9 నుంచి సాయంత్రం 6 దాకా మనది. బల్లలు ఆరు.

ముందుగా ఒక మాట గట్టిగా చెప్పాలి. ఈసారి సింగిల్స్‌లో నేరుగా నాకౌట్ వద్దు. 32 మందితో నాకౌట్ పెడితే 31 మ్యాచ్‌లతో పోటీ అయిపోతుంది, నిర్వాహకులకు సుఖమే. కానీ వచ్చిన వాళ్లలో సగం మంది ఒక్క మ్యాచ్ ఆడి బ్యాటు సర్దుకోవాలి. నిరుడు ఆస్టిన్ నుంచి మూడున్నర గంటలు కారు నడుపుకుంటూ వచ్చిన ఒక కుటుంబం ఇరవై నిమిషాల్లో ఇంటిదారి పట్టింది. మనవాళ్లు నలుగురూ కలవాలని పెట్టుకున్న పండగ ఇది. ప్రతి ఒక్కరికీ కనీసం మూడు మ్యాచ్‌లు దక్కాలి.

అందుకని నలుగురేసి చొప్పున గ్రూపులు చేద్దాం. గ్రూపులో అందరూ అందరితో ఆడితే ఆరు మ్యాచ్‌లు. పురుషులకు 8 గ్రూపులు, 48 మ్యాచ్‌లు. ప్రతి గ్రూపు నుంచి ఇద్దరు, మొత్తం 16 మంది నాకౌట్‌కి వెళ్తారు. మహిళలకు 3 గ్రూపులు, 18 మ్యాచ్‌లు, ఆరుగురు ముందుకు వెళ్తారు. ఎనిమిది మంది డ్రాలో ఆరుగురే ఉంటారు కాబట్టి మొదటి, రెండో గ్రూపుల విజేతలకు బై ఇచ్చి సరాసరి సెమీఫైనల్లో పెడదాం.

హాలు, బల్లలు:
అన్నా, లెక్క చూశారా? ఆరు బల్లలు, తొమ్మిది గంటలు. బల్లగంటలు 54 మాత్రమే.

డ్రా, షెడ్యూలు:
చూశాను అక్కా. అయిదు గేముల మ్యాచ్‌కి, అంటే ముందు మూడు గేములు గెలిచినవాళ్లదే మ్యాచ్, వార్మప్‌తో కలిపి 25 నిమిషాలు వేశాను. రెండు గ్రూపు దశలకు 27 గంటల 30 నిమిషాలు. నాకౌట్ 20 మ్యాచ్‌లు, ఒక్కోదానికి అరగంట చొప్పున 10 గంటలు. పిల్లలకు మూడు గేముల మ్యాచ్‌లు పెడితే 8 గంటల 20 నిమిషాలు. డబుల్స్ నాకౌట్ 6 గంటల 15 నిమిషాలు. మొత్తం 52 గంటల 5 నిమిషాలు. కాగితం మీద సరిపోతుంది, హాల్లో సరిపోదు. భోజనానికే గంట పోతుంది. పార్కింగ్ దొరకలేదని ఎవరో ఒకరు ఆలస్యంగా వస్తారు.

రిజిస్ట్రేషన్:
అయితే గ్రూపు మ్యాచ్‌లు కూడా మూడు గేములకే కుదిస్తే పోదా అండీ? చాలా టైమ్ మిగులుతుంది.

డ్రా, షెడ్యూలు:
మిగులుతుంది గానీ నాకు మనసొప్పడం లేదు. 2001 దాకా గేమ్ అంటే 21 పాయింట్లు. అప్పుడు మూడు గేములంటే గట్టి మ్యాచ్. 11 పాయింట్లకు మార్చాక పెద్ద పోటీలన్నీ అయిదు, ఏడు గేములకు వెళ్లింది ఇందుకే. 11 పాయింట్ల గేమ్‌లో నెట్‌కు తగిలిన బంతులు నాలుగు, బల్ల అంచుకు తగిలినవి రెండు అటో ఇటో పడితే ఫలితం మారిపోతుంది. బాగా ఆడేవాళ్లు నిలదొక్కుకోవడానికి అయిదు గేములుండాలి. పిల్లల సంగతి వేరు, వాళ్లకు ఓపిక తక్కువ, మూడు చాలు.

శనివారం మధ్యాహ్నం మూడు గంటలు హాలు దొరికితే పిల్లల పోటీలు, డబుల్స్ అటు జరిపేద్దాం. రెండూ కలిపి 14 గంటల 35 నిమిషాలు, ఆరు బల్లల మీద 18 గంటలు ఉంటాయి. అప్పుడు ఆదివారానికి 37 గంటల 30 నిమిషాలే మిగులుతుంది.

హాలు, బల్లలు:
ఇప్పుడే ఫోన్ చేశాను. శనివారం 3 నుంచి 6 దాకా ఇస్తామన్నారు. బల్లలు కూడా ముందే వేసుకోవచ్చు, ఆదివారం పొద్దున్నే మోసే పని తప్పుతుంది.

డ్రా, షెడ్యూలు:
చాలా సంతోషం అక్కా. అయితే ఆదివారం ఇలా: ఒక్కో గ్రూపుకు ఒక బల్ల. 9 నుంచి 11:30 దాకా ఆరు గ్రూపులు, 11:30 నుంచి 2 దాకా మిగతా అయిదు. రెండింటికి భోజనం. 2:30కి నాకౌట్ మొదలు: పురుషుల ప్రీక్వార్టర్స్ 8, మహిళల క్వార్టర్స్ 2, రెండు విడతల్లో గంట. 3:30కి పురుషుల క్వార్టర్స్ నాలుగు, మహిళల సెమీస్ రెండు, సరిగ్గా ఆరు బల్లలు. 4కి పురుషుల సెమీస్, 4:30కి మహిళల ఫైనల్, 5కి పురుషుల ఫైనల్. ఫైనల్స్ ఒకదాని తర్వాత ఒకటి పెట్టడం కావాలనే. మన ఆడపిల్లల ఫైనల్ జరుగుతుంటే హాల్లో అందరి కళ్లూ ఆ బల్ల మీదే ఉండాలి.

గ్రూపులో ఆడే వరుస కూడా ఇదే ఉంచండి, అంకెలు గ్రూపులో బలాన్ని బట్టి ఇచ్చే నంబర్లు: 1-4, 2-3, 1-3, 2-4, 3-4, చివరికి 1-2. పై ఇద్దరి మ్యాచ్ ఆఖరున ఉంటే గ్రూపు చివరిదాకా తేలకుండా ఉంటుంది. వెంటవెంటనే రెండు మ్యాచ్‌లు పడ్డవాళ్లకు అయిదు నిమిషాలు విరామం ఇవ్వండి.

పిల్లల విభాగం:
సీడింగ్, అదే ఆటగాళ్లకు బలాన్ని బట్టి వరుస ఇవ్వడం, ఎలా అంకుల్? మా పక్కింటి అన్నదమ్ములిద్దరూ ఒకే గ్రూపులో పడితే వాళ్లమ్మ బాధపడుతుంది.

డ్రా, షెడ్యూలు:
పడరు, చూసుకుంటానమ్మా. పెద్ద పోటీల్లో ఒకే దేశం వాళ్లను మొదట్లోనే ఎదురుపడకుండా విడదీస్తారు. మనం ఒకే ఇంటివాళ్లను విడదీద్దాం. సీడింగ్‌కు యుఎస్ఏ టేబుల్ టెన్నిస్ రేటింగ్ ఉన్నవాళ్లను ముందు తీసుకుని, తర్వాత నిరుటి ఫలితాలు చూస్తాను. గ్రూపులు పాము నడకలో నింపుతాం: మొదటి గ్రూపులో 1, 16, 17, 32 సీడ్లు, రెండో గ్రూపులో 2, 15, 18, 31, అలా ఎనిమిదో గ్రూపుకు 8, 9, 24, 25. నాకౌట్ డ్రాలో మొదటి గ్రూపు విజేత పైన, రెండో గ్రూపు విజేత అట్టడుగున. గ్రూపులో రెండోస్థానం వచ్చినవాళ్లను తమ గ్రూపు విజేత లేని సగంలో వేస్తాం. అంటే ఆ ఇద్దరూ మళ్లీ కలిస్తే ఫైనల్లోనే.

స్కోరింగ్ బల్ల:
గ్రూపులో ముగ్గురు సమానంగా వస్తే ఏం చేయాలో రాసిపెట్టండి అన్నా. పోయినసారి గొడవంతా అక్కడే వచ్చింది.

డ్రా, షెడ్యూలు:
ఇది అందరూ దయచేసి రెండుసార్లు చదవండి. అంతర్జాతీయ సమాఖ్య పద్ధతే మనదీ. గెలిస్తే 2 పాయింట్లు, ఆడి ఓడితే 1, ఆడకపోయినా మధ్యలో వదిలేసినా 0. ఇద్దరు సమానమైతే వాళ్లిద్దరి మధ్య ఎవరు గెలిచారో చూస్తే చాలు. ముగ్గురు సమానమైతే ఆ ముగ్గురి మధ్య జరిగిన మ్యాచ్‌లే లెక్కలోకి వస్తాయి, నాలుగో మనిషి మీద ఎంత బాగా గెలిచినా పక్కన పెట్టాలి.

ఉదాహరణకు రాము, సోము, భీము ముగ్గురూ నాలుగో ఆటగాణ్ణి ఓడించారు. రాము 3-0తో సోము మీద, సోము 3-2తో భీము మీద, భీము 3-1తో రాము మీద గెలిచారు. ముగ్గురికీ 5 పాయింట్లు. ఇప్పుడు గేములు చూడాలి. రాము గెలిచినవి 4, ఓడినవి 3. భీము గెలిచినవి 5, ఓడినవి 4. సోము గెలిచినవి 3, ఓడినవి 5. తేడా చూస్తే రాముకూ భీముకూ ఒకటే, ప్లస్ ఒకటి. కానీ చూడాల్సింది తేడా కాదు, గెలిచినవాటిని ఓడినవాటితో భాగిస్తే వచ్చేది. రాముకు 1.33, భీముకు 1.25, సోముకు 0.6. రాము మొదటివాడు, భీము రెండు, సోము ఇంటికి. గేముల్లోనూ సమానమైతే అలాగే పాయింట్లతో భాగించాలి. అప్పటికీ తేలకపోతే చీటీ.

అందుకే స్కోరు షీటులో 3-1 అని రాసి వదిలేయకండి, ప్రతి గేము స్కోరూ రాయండి. పారిస్ 2024 ఒలింపిక్స్‌లో మన హైదరాబాద్ అమ్మాయి ఆకుల శ్రీజ ప్రీక్వార్టర్స్‌లో ప్రపంచ నంబర్ వన్ సున్ యింగ్షా చేతిలో 0-4తో ఓడింది. ఆ 0-4 వెనక 10-12, 11-13, 8-11, 3-11 ఉన్నాయి. మొదటి రెండు గేములు ఎంత దగ్గరగా పోయాయో గేము స్కోర్లు చూస్తేనే తెలుస్తుంది.

రానివాళ్ల మ్యాచ్‌కు 11-0 చొప్పున 3-0 రాద్దాం. పిలిచాక పది నిమిషాలు చూసి ఆ తర్వాతే వాకోవర్ ఇవ్వండి.

స్కోరింగ్ బల్ల:
అంపైర్లు ఎవరు? నాకు ఆరుగురు దొరకడం కష్టం.

డ్రా, షెడ్యూలు:
గ్రూపులో ఆడని ఇద్దరిలో ఒకరు అంపైర్, ఇంకొకరు స్కోరు బోర్డు తిప్పాలి. నాకౌట్‌లో ఓడినవాళ్లు తర్వాతి మ్యాచ్‌కు కూర్చోవాలి. ఎప్పుడూ సర్వ్ చేసేవాళ్ల స్కోరు ముందు చెప్పాలి. రెండేసి సర్వ్‌లు, 10-10 తర్వాత ఒక్కొక్కటి, రెండు పాయింట్ల తేడా వచ్చేదాకా. ప్రతి గేమ్ తర్వాత వైపులు మారాలి, ఆఖరి గేమ్‌లో ఒకరు 5 చేరగానే మళ్లీ మారాలి. డబుల్స్‌లో ఆ 5 దగ్గర అందుకునే జంట వరుస కూడా మారుతుంది, దీన్ని చాలామంది మర్చిపోతారు. శనివారం వాలంటీర్లకు ఇది ఒకసారి ఆడి చూపిస్తాను.

సర్వ్ విషయంలో పిల్లల మీద కూడా ఒకటే నియమం: బంతి తెరిచిన అరచేతిలో ఉండాలి, కనీసం 16 సెంటీమీటర్లు నిటారుగా ఎగరెయ్యాలి, ఎదుటివాళ్లకు దాచకూడదు. మొదటిసారి నెమ్మదిగా చెప్పండి, తర్వాత పాయింట్ ఇచ్చేయండి. చిన్నప్పుడే సరిగ్గా నేర్చుకుంటే పెద్ద పోటీలకు వెళ్లినప్పుడు ఏడవక్కర్లేదు.

ఇంకొకటి, ఎక్స్‌పెడైట్, అంటే మరీ సాగే ఆటను త్వరగా తేల్చే నియమం. 1936లో ప్రాగ్ ప్రపంచ పోటీల్లో ఒక మ్యాచ్‌లో మొదటి పాయింటుకే రెండు గంటలు దాటింది. మన పెద్దవాళ్ల విభాగంలో బంతిని వదలకుండా తోస్తూనే ఉండేవాళ్లు ఉన్నారు, వాళ్ల ఓపిక అంటే నాకు గౌరవం. కానీ షెడ్యూలు కూలిపోకూడదు. ఒక గేమ్‌లో పది నిమిషాలు అయిపోయి, ఇద్దరి స్కోరూ కలిపి 18 కాకపోతే ఎక్స్‌పెడైట్ మొదలు. అక్కణ్ణుంచి ఒక్కో సర్వ్, అందుకునేవాళ్లు 13 సార్లు బంతి తిరిగి పంపితే పాయింట్ వాళ్లదే. ప్రతి బల్ల దగ్గరా ఒక స్టాప్‌వాచ్ ఉండాలి, ఫోన్‌ది చాలు.

రిజిస్ట్రేషన్:
టీ షర్టుల ఆర్డరు రేపు ఇవ్వాలి. తెల్లరంగు మీద మన లోగో బాగుంటుందని కమిటీ అంది.

డ్రా, షెడ్యూలు:
తెలుపు వద్దండీ, దయచేసి. బంతి తెల్లది. చొక్కా అదే రంగైతే ఎదుటివాళ్లకు బంతి కనబడదు, నియమాల ప్రకారం కూడా కుదరదు. ముదురు ఆకుపచ్చ గానీ నీలం గానీ చెప్పండి, లోగో పసుపులో వేయించండి.

భోజనాలు:
పులిహోర, పెరుగన్నం, అరటిపళ్లు అనుకుంటున్నాం. బిర్యానీ అడుగుతున్నారు కొందరు.

డ్రా, షెడ్యూలు:
2:30కి ప్రీక్వార్టర్స్ ఉన్నాయి అక్కా, బిర్యానీ రాత్రి బహుమతుల తర్వాత పెట్టండి. పొద్దున ఆడేవాళ్లకు అరటిపళ్లు 9 నుంచే హాల్లో ఉంచండి.

డ్రా గురువారం రాత్రి 8కి వీడియో కాల్‌లో అందరి ముందూ తీస్తాను. సీడ్ల జాబితా బుధవారం ఇక్కడే పెడతాను, అభ్యంతరాలుంటే డ్రాకు ముందే చెప్పండి. డ్రా తీశాక మార్పులుండవు. స్కోరు షీట్లు 140 ప్రింట్ చేయించే పని ఎవరు తీసుకుంటారు?

స్కోరింగ్ బల్ల:
నేను తీసుకుంటానన్నా. షీటు వెనక ఆ ముగ్గురి లెక్క కూడా ప్రింట్ చేయిస్తా.