సుమతీ శతకం: పిల్లలకు మొత్తం ఇవ్వాలా, ఏరి ఇవ్వాలా?

పలకాబలపం:
మూడో తరగతి చదివే మా పాపకు ఎవరో సుమతీ శతకం బొమ్మల పుస్తకం కానుకగా ఇచ్చారు. అందులో ‘కోమలి విశ్వాసంబును’ పద్యం కూడా ఉంది. ఆడదాని విశ్వాసం, పాముతో స్నేహం, వేప తీపి ఒకే కోవలో చేర్చి అన్నీ బొంకే అంటుంది. ఆడపిల్లతో దీన్ని బట్టీ పట్టించాలా? ఇక ‘అప్పిచ్చువాడు వైద్యుడు’ పద్యం. ఉండదగిన ఊరికి అప్పిచ్చేవాడు, వైద్యుడు, ఎండని ఏరు, ద్విజుడు చాలట. పండించేవాడి ఊసే లేదు.

కందప్రియ:
13వ శతాబ్దపు బద్దెన పేరు మీద ఉన్న పద్యాలను ఇప్పటి తూకంలో పెడితే ఎట్లాగండీ? ‘అడిగిన జీతంబియ్యని’ దొరను కొలిచే కంటే ఎద్దుల్ని కట్టుకుని మడి దున్నుకోవడం మేలన్నదీ ఈ శతకమే. అపకారికి ఉపకారం చెయ్యమన్నదీ ఇదే. నచ్చనివి తీసేస్తే, మనం తయారుచేసిన బద్దెనను పిల్లలకు చూపించినట్టు.

వీధిబడి:
అసలిది పిల్లల కోసం రాసినట్టు నాకు ఎక్కడా కనపడదు. రాజులు, కొలువు, వేశ్యలు, ఊరి లెక్కలు రాసే కరణాలు... తోటి కరణాన్ని కూడా నమ్మొద్దని కరణానికి చెప్పే పద్యం ఎనిమిదేళ్ల వాళ్లకెందుకు? ఆ కరణాల వ్యవస్థనే 1984లో ఎన్టీఆర్ ప్రభుత్వం రద్దు చేసింది. కంద పద్యం చిన్నది, ఇట్టే నోటికొస్తుంది కాబట్టి వీధిబడుల్లో పిల్లలకు అలవాటు చేశారు, అంతే. బడి పుస్తకాల్లో ఎప్పుడూ ఏరిన పద్యాలే ఉంటాయి, దాన్నెవరూ సెన్సార్ అనలేదు. నా కోపమల్లా రంగుల అట్ట వేసి, పాత తాత్పర్యమే అచ్చేసి ‘పిల్లల కోసం’ అని అమ్మేవాళ్ల మీద. ‘కోమలి’ పద్యం డిగ్రీ క్లాసులో పెట్టండి. అక్కడ అమ్మాయిలు దాన్ని ఉతికి ఆరేస్తారు.

కందప్రియ:
సరే, ఏరేదెవరు? ఇవాళ మీరు ‘కోమలి’ తీస్తారు. రేపు ఏదో ప్రైవేటు స్కూలు యాజమాన్యం ‘అడిగిన జీతంబియ్యని’ తీసేస్తుంది!

పలకాబలపం:
దానికి టీచర్లే ఒప్పుకోరు లెండి. మా పాపకు మాత్రం ముందు ఆ జీతం పద్యమే నేర్పుతాను. ‘కోమలి’ సంగతి తను పెద్దయ్యాక తనే తేల్చుకుంటుంది.